నేల వాతావరణాన్ని చక్కదిద్దుతుందని డాక్యుమెంటరీ హామీ ఇవ్వవచ్చా?

మట్టిపెళ్ళ:
పునరుజ్జీవన వ్యవసాయంపై వచ్చిన డాక్యుమెంటరీలలో బాగా పేరు పొందినది 2020లో నెట్‌ఫ్లిక్స్‌లో విడుదలైన ‘కిస్ ద గ్రౌండ్’. దర్శకులు జాష్ టికెల్, రెబెకా హారెల్ టికెల్. దున్నడం తగ్గించి, నేలను ఏడాది పొడవునా పంటతో కప్పి ఉంచి, పశువులను పద్ధతిగా మేపితే నేల బాగుపడుతుందని, గాలిలోని కర్బనం నేలలోకి దిగి భూగోళ వాతావరణం త్వరగా కుదుటపడుతుందని ఆ చిత్రం చెబుతుంది. మొదటి మాటతో నాకు పేచీ లేదు. రెండో మాట దగ్గరే లెక్క కుదరడం లేదు. వ్యవసాయం మొదలైన సుమారు 12,000 ఏళ్లలో పై 2 మీటర్ల నేల పోగొట్టుకున్న కర్బనం 116 గిగాటన్నుల (ఒక గిగాటన్ను అంటే వంద కోట్ల టన్నులు) వరకు ఉంటుందని శాస్త్రజ్ఞుల అంచనా. బొగ్గు, చమురు, గ్యాస్ మండించడం వల్ల ఏటా దాదాపు 10 గిగాటన్నుల కర్బనం గాలిలో కలుస్తోంది. పోయినదంతా పిసరు మిగలకుండా నేలలోకి తిరిగి చేరినా అది 12 ఏళ్ల పొగకు చాలదు. ఈ లెక్క చూపకుండా హామీ ఇవ్వడం దర్శకులకు తగదని నా అభిప్రాయం.

తొలకరి:
మట్టిపెళ్ళ గారూ, లెక్కను కాదనను. కానీ కరిగే మంచును, కాలే అడవులను ఏళ్ల తరబడి చూసి, ఇక చేయగలిగింది ఏమీ లేదని టీవీ కట్టేసే ప్రేక్షకుడిని మళ్ళీ కూర్చోబెట్టింది ఇటువంటి చిత్రాలే. 2015 పారిస్ వాతావరణ సదస్సు సందర్భంగా ఫ్రాన్స్ ప్రారంభించిన ‘వెయ్యికి నాలుగు’ కార్యక్రమం కూడా నేలల్లోని కర్బనాన్ని ఏటా 0.4 శాతం పెంచుదామని పిలుపునిచ్చింది. ప్రభుత్వాలకు చెల్లిన ఆశ దర్శకులకు ఎందుకు చెల్లదు?

అమెరికా నేల నిపుణుడు రే ఆర్చులెటా రైతులకు చేసి చూపే ప్రయోగాన్ని గుర్తు చేసుకోండి. నీళ్లు నింపిన రెండు గాజు జాడీల అంచులకు వలలు తగిలించి, ఏటా దున్నిన పొలం మట్టిగడ్డను ఒకదానిలో, చాలాకాలంగా దున్నని పొలం మట్టిగడ్డను మరొకదానిలో ఉంచుతారు. మొదటిది చూస్తుండగానే విచ్చిపోయి నీరంతా బురద చేస్తుంది. రెండోది, వేర్లూ శిలీంధ్రాలూ అంటించిన జిగురు పట్టి ఉంచడం వల్ల, చిన్న చిన్న బుడగలు వదులుతూ గడ్డగానే నిలుస్తుంది. వంద ఉపన్యాసాలు చేయలేని పని ఆ దృశ్యం చేస్తుంది.

మట్టిపెళ్ళ:
ఆ దృశ్యం నాకూ ఎంతో ఇష్టం. అయితే అది చూపుతున్నది వాన నీరు నేలలోకి ఇంకే తీరును. ఎన్ని టన్నుల కర్బనం చేరిందో దానివల్ల తెలియదు. దున్నకుండా విత్తిన పొలాల్లో కర్బనం ఎక్కువగా పైపొరలోనే పోగవుతుంది. లోతుగా తవ్వి కొలిచినప్పుడు దున్నిన పొలానికీ దానికీ తేడా చాలాచోట్ల బాగా తగ్గిపోయింది. పైగా నేల పట్టుకోగల కర్బనానికీ ఒక హద్దు ఉంటుంది. ఇంగ్లండ్‌లోని రోథమ్‌స్టెడ్‌లో 1843 నుంచి సాగుతున్న బ్రాడ్‌బాక్ ప్రయోగంలో ఏటా పశువుల ఎరువు వేసిన మడుల్లో కర్బనం మొదటి దశాబ్దాల్లో వేగంగా పెరిగి, తర్వాత నెమ్మదించింది. పద్ధతి మార్చి మళ్ళీ దున్నితే చేరినదానిలో చాలా భాగం గాలిలోకే పోతుంది.

కూర్పుబల్ల:
నేను డాక్యుమెంటరీలకు ఎడిటింగ్ చేస్తాను. కొన్నేళ్ల క్రితం నా చేతికి వచ్చిన ఒక చిత్రంలో ‘ముందు’, ‘తర్వాత’ అంటూ ఒకే పొలానికి రెండు షాట్లు ఉన్నాయి. మొదటిది ఎండాకాలం చివర తీసింది, రెండోది వానలు పడ్డాక తీసింది. తెర మీద నెల వేద్దామని నేను అడిగితే నిర్మాతలు అక్కర్లేదన్నారు. ప్రదర్శన అయ్యాక వెనుక వరుసలోని ఒక రైతు లేచి, “ఇవి ఏ నెలలో తీశారు?” అని అడిగాడు. మాలో ఎవరమూ నోరు విప్పలేదు. అంతవరకు చిత్రంలో చెప్పిన నిజాలన్నీ ఆయన దృష్టిలో ఆ ఒక్క ప్రశ్నతో పోయాయి.

తొలకరి గారు ఆశ గురించి అడిగారు. 1936లో పేర్ లోరెంజ్ అమెరికా ప్రభుత్వం కోసం తీసిన చిత్రం గడ్డినేలలను దున్ని పాడుచేసిన తీరునూ, ఆ తర్వాత లేచిన దుమ్మునూ చూపింది. భూగోళాన్ని చక్కదిద్దుతామని మాట ఇవ్వకుండానే చూసినవారిని కదిలించింది. బెట్టకు తట్టుకుని నిలిచిన పైరు, గట్టు తెగకుండా ఇంకిన వాన, తగ్గిన ఎరువుల ఖర్చు, ఇవన్నీ కెమెరాకు దొరికేవే.

తొలకరి:
కూర్పుబల్ల గారి మాటతో నా పట్టు కొంత సడలింది. నెల, మట్టి తీసిన లోతు, కొలిచినవారి పేరు తెర మీద ఉండాలన్నది ఒప్పుకుంటున్నాను. కానీ నేల మారడానికి ఏళ్లు పడుతుంది, నిధులిచ్చేవారు రెండేళ్లలో చిత్రం పూర్తి కావాలంటారు. అదే పొలానికి అదే నెలలో ఏడెనిమిది సార్లు కెమెరాతో వెళ్లనిచ్చే నిర్మాత దొరికే వరకు, ఈ తప్పులో సగం నిధులిచ్చేవారి ఖాతాలోనూ వేయాలని నా మనవి.