బొమ్మ ముందు, దెబ్బ వెనక: ఆడియో జారిపోతోంది, ఎవరైనా చెప్పండి

గడియారం స్తంభం: పొద్దున 9 నుంచి దీంతోనే చస్తున్నా. అనంతపురం జిల్లా నిమ్మలకుంట తోలుబొమ్మలాట మీద డాక్యుమెంటరీ, ఎడిటింగ్ నాది. రాత్రి ఆట 40 నిమిషాల ఒకే టేక్, ఆడియో వేరే రికార్డర్‌లో ఉంది. మొదట్లో చప్పట్లు కొట్టి కలిపినచోట పక్కాగా ఉంది. లంకాదహనం వచ్చేసరికి హనుమంతుడు తోక విసిరేశాక గానీ మద్దెల దెబ్బ వినపడదు. చివరికి దాదాపు 2 సెకన్లు తేడా. వీడియో స్పీడ్ 99.9 శాతం చేస్తే చివర కలుస్తోంది, మధ్యలో తప్పుతోంది. మంగళవారం రఫ్ కట్, అంటే మొదటి కూర్పు, చూపించాలి. టెన్షన్‌గా ఉందప్పా.

కొండారెడ్డి బురుజు: రికార్డర్ శాంపిల్ రేటు (సెకనుకు ధ్వనిని ఎన్నిసార్లు కొలుస్తుందో ఆ లెక్క) 44.1 కిలోహెర్ట్జ్‌లో పెట్టి, ప్రాజెక్ట్ 48లో ఉంచినట్టున్నావు.

రాత్రిపని: అదైతే నిమిషానికి 5 సెకన్లు జారేది. 2 సెకన్లతో ఆగదు. దేంతో తీశారు?

రీలు మామ: బాబూ, ముందు ఎడిటింగ్ అనడం మానండి. పాత టైటిల్స్‌లో 'కూర్పు' అని వేసేవాళ్ళు. 35 ఎంఎంలో అడుగుకు 16 ఫ్రేములు. క్లాప్ మూసుకున్న ఫ్రేము మీద పెన్సిల్‌తో గీత, పక్కన సౌండ్ టేపు మీద ఇంకో గీత. రెండూ కలిపి తిప్పితే జారేదే లేదు. అయినా 40 నిమిషాల ఆట మొత్తం ఎవరు చూస్తారు? ఫుటేజీ అంతా చూసి, ఏ మాట ఏ నిమిషంలో ఉందో కాగితం మీద రాసుకో. డాక్యుమెంటరీకి స్క్రిప్టు పుట్టేది కూర్పు బల్ల మీదే.

కొండారెడ్డి బురుజు: మామా, కూర్పు అంటే మా స్టూడియోలో కుర్రోళ్ళు ఆల్బమ్ బైండింగ్ అనుకుంటారు.

రాత్రిపని: దేంతో తీశారు?

గడియారం స్తంభం: ఫోన్‌తోనే అన్నా. కెమెరా బ్యాటరీ అయిపోయింది. అది కూడా చెప్పాలా?

రాత్రిపని: అదే అసలు సంగతి. తెర వెనక ఒక్క బల్బు, చుట్టూ చీకటి. వెలుతురు తగ్గితే ఫోన్ సెకనుకు తీసే ఫ్రేములు తగ్గించేస్తుంది, పెరిగితే మళ్ళీ పెంచుతుంది. ఎడిటింగ్‌లో క్లిప్పులు పేర్చే టైమ్‌లైన్ మాత్రం సెకనుకు అన్నీ 30 అనుకుని ఆడిస్తుంది, అందుకే బొమ్మ ముందుకు పోతుంది. ఫైల్ వివరాలు చూపే మీడియాఇన్ఫో సాఫ్ట్‌వేర్‌లో చూడు, వేరియబుల్ అని, అంటే ఫ్రేమ్‌రేట్ మారుతోందని ఉంటుంది. వీడియో కన్వర్ట్ చేసే హ్యాండ్‌బ్రేక్‌లో ఫ్రేమ్‌రేట్ 30, కాన్‌స్టంట్ (మారని) ఫ్రేమ్‌రేట్ పెట్టి కొత్త ఫైల్ చేసుకో. పాతది తీసేసి దాన్ని టైమ్‌లైన్‌లో వెయ్యి. ఫోన్ సొంత ఆడియో పారేయకు, వేవ్‌ఫామ్ (శబ్దం గీతలు) చూసి రికార్డర్‌ది దానికి కలుపు. స్పీడ్ మార్చినవన్నీ 100కి తెచ్చెయ్.

పెన్నా ఒడ్డు: నిమ్మలకుంట అనంతపురం కాదు, 2022 నుంచి శ్రీ సత్యసాయి జిల్లా. టైటిల్స్‌లో తప్పు వేయొద్దు.

రీలు మామ: ఆ ఊరి కళాకారుడికి 2020లో పద్మశ్రీ వచ్చింది. అలాంటి ఆటను ఫోన్‌తో తీస్తారా!

గడియారం స్తంభం: పెళ్ళి వీడియోల నుంచి ఇటొచ్చినోణ్ణి మామా, ఉన్నదాంతోనే. అక్కడ పాటకు కట్ పడితే చాలు, వారంలో డబ్బులు. దీనికి మూడు నెలలైంది. కన్వర్ట్ పెట్టా, 38 శాతం.

కొండారెడ్డి బురుజు: రోజుకు ఎంతిస్తున్నారు?

రీలు మామ: కూర్పరికి పేరు ముందా, కూలి ముందా?

పెన్నా ఒడ్డు: కూర్పరి అనే మాట ఉందా అసలు?

గడియారం స్తంభం: హనుమంతుడి తోక కలిసింది. థాంక్స్ రాత్రిపని అన్నా. మధ్యలో ఇంకో చోట తేడా ఉన్నట్టుంది, పొద్దున చూస్తా.