కౌన్సిలర్ ఎమ్మెల్యే అయితే మనకి లాభమా, నష్టమా?

గంజాం పెద్దబ్బాయి:
మా వార్డు కౌన్సిలర్‌కి అసెంబ్లీ టికెట్ ఇప్పించాలని కుర్రాళ్లు తెగ తిరుగుతున్నారు. నేను వద్దంటున్నాను. కుళాయి రాకపోతే పొద్దున్నే పందుంపుల్ల నోట్లో పెట్టుకునే ఆయన అరుగు మీద కూర్చోవచ్చు. లుంగీ మీదే బయటికొచ్చి, వాల్వు తిప్పేవాడికి ఫోన్ చేసి, నీళ్లు పడేదాకా మనతో టీ తాగుతాడు. భువనేశ్వర్ వెళ్లాక ఆ అరుగు మీద పీఏ కూర్చుంటాడు. ఇదివరకు ఒకాయన్ని ఇలాగే పంపాం. మా అమ్మాయి కాగితం మీద ఒక్క సంతకానికి మూడుసార్లు తిప్పారు.

రాయగడ మేస్టారు:
వాల్వు కోసం ఒక మనిషిని జీవితాంతం అరుగుకి కట్టేస్తారా ఏటి? ద్రౌపది ముర్ము గారు 1997లో రాయ్‌రంగ్‌పూర్ నగర పంచాయతీ కౌన్సిలర్. 2000లో ఎమ్మెల్యే అయ్యి మంత్రి కూడా అయ్యారు. 2007లో ఉత్తమ శాసనసభ్యురాలిగా నీలకంఠ పురస్కారం అందుకున్నారు. 2022లో రాష్ట్రపతి. ఆ వార్డు వాళ్లు మీలాగే చెంగు పట్టుకుని కూర్చుంటే?

బరంపురం కోడలు:
రాష్ట్రపతుల లెక్కకొస్తే వి.వి.గిరి గారు మా బరంపురంలోనే పుట్టారు మేస్టారూ. దాంతో మా వీధికి ఒక బల్బు ఎక్కువ వచ్చిందా? ఆ వరస వదిలేయండి. కుళాయి కౌన్సిల్ చూసుకుంటుంది, బడిలో తెలుగు టీచర్ పోస్టు మాత్రం రాష్ట్ర ప్రభుత్వమే నింపాలి. 1936లో ఒడిశాని వేరు చేస్తూ గీత గీసి మన తెలుగువాళ్లని ఇటు వేసిన దగ్గర్నుంచీ ఇదే తంతు. మొన్న తాతగారికి రెండు ముక్కలు రాయమంటే మా పిల్లాడు ‘తాతయ్యా, బాగున్నావా’ అని అచ్చ తెలుగే రాశాడు, ఒడియా అక్షరాలతో! చదవలేక ఆయన కాగితం తిప్పితిప్పి చూశారు. ప్రాథమిక తరగతుల్లో మాతృభాషలో చదువుకి ఏర్పాట్లు చేయడానికి ప్రయత్నించాలని రాజ్యాంగం 350ఎ అధికరణ చెప్తోంది. అరుగు మీద కూర్చుని దాన్ని ఎవరు అడుగుతారు?

గంజాం పెద్దబ్బాయి:
వెళ్లినవాడు మాత్రం అడుగుతాడా అమ్మా? ఫిరాయింపుల చట్టం వచ్చిన 1985 నుంచీ విప్, అంటే ఓటు ఎలా వేయాలో పార్టీ ఇచ్చే ఆదేశం, దాటి ఓటేస్తే సీటుకే ఎసరు. ఇక్కడ ఛైర్మన్ మీద గొంతు చించుకునేవాడు అక్కడ బల్ల చరుస్తాడు, అంతే.

రాయగడ మేస్టారు:
విప్ ఓటుకి. తెలుగు టీచర్లు ఎందరున్నారని ప్రశ్న వేస్తే సీటు పోదు. భాష అడ్డమంటారేమో, సభ భాషల్లో సరిగా చెప్పలేని సభ్యుడు మాతృభాషలో మాట్లాడటానికి స్పీకర్ అనుమతివ్వొచ్చు. 210వ అధికరణలో ఉంది.

బరంపురం కోడలు:
సరిగా చెప్పలేనివాళ్లకే కదా అది! మనవాళ్లకెలా చెల్లుతుంది? మా ఇంట్లో దెబ్బలాట కూడా సగం ఒడియాలోనే. ఒడియాలోనే అడగమనండి, తెలుగు టీచర్ వస్తే చాలు.

గంజాం పెద్దబ్బాయి:
మీ ఇద్దరి పోరూ పడలేక పొద్దున్న ఆయన్నే అడిగాను, మా బడిలో తెలుగు టీచర్ లేక ఎన్నాళ్లయిందని. తెల్లమొహం వేశాడు. వాల్వు తిప్పేవాడి నంబరు మాత్రం ఫోన్ చూడకుండా చెప్పేశాడు. మేస్టారూ, దీన్ని ఎవరి ఖాతాలో వేసుకుంటారో మీరే తేల్చుకోండి.