లిస్బన్‌లో మూడు పగళ్ళు: సింత్రాకి ఒకటి ఇవ్వాలా, వద్దా?

ఇసార్‌గట్టు
మేముండేది మ్యూనిక్‌లో. అమ్మానాన్న రాజమండ్రి నుంచి వచ్చారు, ఇంకో నెలలో వెళ్ళిపోతారు. ఈలోగా నలుగురం లిస్బన్ చూసొద్దామని టికెట్లు కొన్నాం. అక్టోబరు 3 శనివారం పొద్దున్నే దిగుతాం, 5 సోమవారం రాత్రి తిరుగు విమానం. అంటే చేతిలో ఉన్నవి మూడు పగళ్ళు. మా ఆవిడ అందులో ఒకటి లిస్బన్ పక్కూరు సింత్రాకి ఇవ్వాల్సిందే అంటోంది. కొండ మీద పసుపూ ఎరుపూ రంగుల పెనా కోట ఫొటో ఎక్కడ చూసిందో గానీ, అప్పట్నుంచీ అదే పాట. ఉన్న మూడింట్లో ఒక పగలు రైళ్ళకీ వరుసలకీ పోతే ఇక లిస్బన్ ఏం చూసినట్టని నా బాధ. నాన్నకి 68, నాకంటే బాగా నడుస్తారు. అమ్మకి మోకాళ్ళ నొప్పులు, మెట్లు ఎక్కుతుంది గానీ దిగడం కష్టం. ఇద్దరూ శాకాహారులు. వెళ్ళొచ్చినవాళ్ళు తీర్పు చెప్పండి.

పాలమూరు పోరడు
పోవాలె అన్నా, గిందుల అడిగేదేముంది. లిస్బన్ అసొంటి పాత పట్నాలు ఇంక నాలుగు చూడొచ్చు, సింత్రా అసొంటిది ఇంకోటి లేదు. రొసియో టేషన్ల రైలెక్కితే 40 నిమిషాలల్ల దిగుతవ్. మేం పోయినేడు పోయినం. కింద లిస్బన్‌ల ఎండ కొడ్తుండె, పైన కోట కాడ పొగమంచు, పక్కన నిలవడ్డ మనిషి కనవడలె. గా మంచుల కెల్లి ఎర్ర బురుజు ఒక్కపారి బయటవడె, మా పిల్లలు ఇప్పటికీ అదే ముచ్చట చెప్తరు. 1840లల్ల ఫెర్నాండో రాజు పాడువడ్డ మఠం మీద కట్టిచ్చిండు. ఒక దిక్కు అరబ్బుల గుమ్మటం, ఇంకో దిక్కు జర్మన్ కోట, ఆయనకు ఏది మనసైతే అది. వదినె మాట ఇను.

అరియేరో అద్దెగది
లిస్బన్‌లో మూడేళ్ళుగా చదువుకుంటున్నాను. వచ్చిన ప్రతి చుట్టాన్నీ సింత్రా తిప్పే డ్యూటీ నాదే, ఇప్పటికి పదకొండు సార్లు ఎక్కానా కొండ. అందుకే వద్దంటున్నాను. ఫొటోలో కోటే ఉంటుంది, స్టేషన్ బయట 434 బస్సు కోసం నిలబడ్డ జనం ఉండరు కదా. పెనా టికెట్ మీద వేసే టైము కోట గుమ్మం దగ్గరది, పార్కు గేటుది కాదు. గేటు నుంచి గుమ్మం దాకా ఎక్కుడే, అరగంట ముందు రమ్మని వాళ్ళే రాస్తారు. టైము దాటితే ఆ టికెట్ పోయినట్టే. మోకాళ్ళ నొప్పులవాళ్ళకి లోపల చిన్న బండి ఉంది, దానికి మళ్ళీ వేరే డబ్బు, వేరే వరుస.
ఇంకో సంగతి. 5వ తేదీ ఇక్కడ సెలవు. 1910లో రాజరికం పోయి గణతంత్రం వచ్చిన రోజు. ఈసారి సోమవారం పడింది కాబట్టి ఇక్కడివాళ్ళకీ అది మూడు రోజుల వారాంతమే. వాళ్ళు మాత్రం ఎక్కడికి పోతారు? సింత్రాకే.

లెక్కల పంతులమ్మ
ముందు వారాలు చూడండి, ఇష్టాలు తర్వాత. లిస్బన్‌లోని బెలెం పేటలో జెరోనిమోస్ మఠం సోమవారం మూత. ఆదివారం పొద్దున ఆ చర్చిలో ప్రార్థనలు, చూడ్డానికి వచ్చేవాళ్ళు మధ్యాహ్నం దాకా ఆగాలి. కార్మో శిథిలాల మ్యూజియం ఆదివారం మూత. అంటే బెలెం శనివారం, కార్మో సోమవారం అని ఆ ఊరే మీకు రాసిపెట్టేసింది. మిగిలింది ఆదివారం ఒక్కటే. అది సింత్రాకి ధారపోస్తే పాతబస్తీ అల్ఫామా ఎప్పుడు చూస్తారు? విమానం దిగిన సాయంత్రం, కాళ్ళు పీకుతుంటేనా? నా ఓటు వద్దనే.

వైజాగ్ వాన
అల్ఫామాకి ఒక పూట చాలదని నేనూ అంటాను. 1755 నవంబరు 1 పొద్దున, పండగ పూట చర్చిలు కిక్కిరిసి ఉండగా భూకంపం వచ్చింది. బయటికి పరిగెత్తి నదిగట్టు చేరినవాళ్ళ మీద సముద్రం విరుచుకుపడింది. ఆ పైన రోజుల తరబడి మంటలు. కింద చదును మీదున్న ఊరంతా తుడిచిపెట్టుకుపోయింది, కొండవాలు మీదున్న అల్ఫామా చాలామటుకు నిలిచింది. ఆ పేరు కూడా అరబ్బీదే, వేడినీటి ఊటలని. ఇప్పటికీ మనిషి రెండు చేతులు చాస్తే రెండు గోడలూ తగిలే సందులున్నాయి అక్కడ. అక్కణ్ణుంచి పది నిమిషాలు కిందికి దిగితే బైషా. గీత గీసినట్టు తిన్నగా వీధులు, భూకంపం తర్వాత మంత్రి పొంబాల్ కట్టించినవి. గోడల లోపల పంజరంలాగా చెక్క చట్రాలు బిగించారు, మళ్ళీ భూమి కదిలితే ఊగి నిలబడాలని. నమూనా కట్టి చుట్టూ సైనికుల్ని కవాతు చేయించి పరీక్షించారని చెబుతారు. ఒకే ఊళ్ళో విపత్తుకి ముందూ తర్వాతా పక్కపక్కన కనబడతాయి. తుఫాన్లు చూసి పెరిగినదాన్ని, నన్ను ఆ పంజరాలే పట్టేశాయి, ఏ కోటా కాదు.
కార్మో చర్చి మాత్రం పైకప్పు లేకుండా అలాగే వదిలేశారు. దాని ముందున్న చిన్న చౌకులోనే 1974 ఏప్రిల్ 25న నియంతృత్వం చేతులెత్తేసింది.

ఇసార్‌గట్టు
పంతులమ్మగారూ, మీ వారాల లెక్క చూసి మా ఆవిడ మొహం మాడ్చుకుంది. ఇంకో మెలిక: నాన్న రిటైరైన సోషల్ మాస్టారు. ఆయన అడిగింది ఒక్కటే, వాస్కో డ గామా సమాధి. కొచ్చిలో సెయింట్ ఫ్రాన్సిస్ చర్చికి వెళ్ళినప్పుడు, 1524లో చనిపోతే మొదట పాతిపెట్టిన చోటు చూశారట. తర్వాత 1539లో ఎముకలు పోర్చుగల్ తీసుకెళ్ళారు కదా, ఆ రెండో కొస కూడా చూడాలంటారు.

వైజాగ్ వాన
మాస్టారు మన్నించాలి, ఆయన సమాధికి ఒక పూట ఎందుకండీ? 1502లో మక్కా నుంచి తిరిగొస్తున్న యాత్రికుల ఓడని వందల మందితో సహా తగలబెట్టించిన మనిషి.

ఇసార్‌గట్టు
మీ మాట నాన్నకి చదివి వినిపించాను. ఆయన జవాబు యథాతథంగా: "ముప్పై ఏళ్ళు పిల్లలకి వాడి ఓడ వచ్చిన తేదీ బట్టీ పట్టించాను. ఓడ తగలబెట్టిన సంగతి పుస్తకంలో లేదు, నేనూ చెప్పలేదు. ఒకసారి ఎదురుగా నిలబడి చూడనీ."

శాసనాల పిచ్చి
మాస్టారికి నా దండం. చూడ్డం వేరు, మొక్కడం వేరు. ఆ సమాధి ఉన్నది బెలెంలో జెరోనిమోస్ మఠం చర్చిలోనే. అసలా మఠానికి ఖర్చు పెట్టిందే మన మిరియాలు, తూర్పు వర్తకం మీద ఇరవయ్యో వంతు పన్ను. రాతిలో తాళ్ళూ ముళ్ళూ లంగర్లూ చెక్కారు, అది చూసైనా వెళ్ళాలి. వాస్కో ఒక పక్క, ఆయన ప్రయాణాన్ని కావ్యం చేసిన కమొయింష్ ఇంకో పక్క, రెండూ చర్చి గుమ్మం దాటగానే కనబడతాయి. లోపలి మండపాలు చూడ్డానికి నిలబడే వరుస వేరు, దాంట్లో ఇరుక్కోకండి.
సింత్రాకీ మనకీ ఉన్న చుట్టరికం మాత్రం ఎవరూ ఎత్తలేదే! 1540లలో గోవాలో గవర్నరుగా చేసిన జొవావ్ ద కాస్ట్రోకి సింత్రాలో పెన్యా వెర్దె అని తోట ఉండేది. మన దేశం నుంచి పట్టుకెళ్ళిన రాళ్ళు ఆ తోటలో చేరాయి. అందులో ఒకటి సోమనాథ్ నుంచి పోయిన సంస్కృత శాసనం, 1287 నాటిది. పండితుల పుస్తకాల్లో దాని పేరే సింత్రా ప్రశస్తి. త్రిపురాంతకుడనే పాశుపతుడు దేశం చుట్టిన తీర్థయాత్ర అందులో ఉంది: కేదారం, ప్రయాగ, శ్రీపర్వతం, గోదావరి, రామేశ్వరం. శ్రీపర్వతమంటే మన శ్రీశైలం. గోదావరి ఒడ్డున పుట్టినవాళ్ళు అంతదూరం వెళ్ళి సింత్రా వద్దంటే ఎలా?

అరియేరో అద్దెగది
అన్నా, ఆ తోట ప్రైవేటు ఆస్తి. గోడ చూసి రావాలి.

శాసనాల పిచ్చి
గోడైనా చూస్తారు తమ్ముడూ.

ఇసార్‌గట్టు
నాన్న పార్టీ మార్చేశారు. ఇప్పుడు ఇద్దరు సింత్రా, నేనొక్కణ్ణి లిస్బన్. అమ్మ ఎవరి పక్కా చెప్పడం లేదు, "మీరెక్కడికంటే అక్కడికే" అంటోంది. అదే నన్ను ఎక్కువ భయపెడుతోంది.
28 నంబరు ట్రామ్ ఎక్కిస్తే అమ్మకి నడక తప్పుతుందా?

పాలమూరు పోరడు
ఎక్కియ్యి, మస్తుంటది. 1930లల్ల పెట్టెలు అవి, గోడలకు రాసుకుంట పోతది.

అరియేరో అద్దెగది
పొద్దున ఎనిమిదిలోపైతేనే ఎక్కండి, అదీ మొదటి స్టాపు మార్తిం మొనీజ్‌లో. తర్వాత ఎక్కితే అమ్మగారు లిస్బన్ ఏడు కొండలూ నిలబడే చూడాలి. జేబు కొట్టేవాళ్ళకి అదే ఆఫీసు, పర్సు ముందు జేబులో పెట్టుకోండి. 12 నంబరు ట్రామ్ చిన్నదారిలో లిస్బన్ కోట పక్కనుంచే తిరుగుతుంది, ఆ మాత్రం రద్దీ ఉండదు. పాత లిస్టుల్లో గ్లోరియా కేబుల్ బండి అని ఉంటుంది, దాన్ని నమ్ముకోకండి. 2025 సెప్టెంబరులో అది పట్టుతప్పి 16 మంది పోయాక ఆపేశారు.
మోకాళ్ళకి అసలు శత్రువు కొండలు కాదు, కాలిబాట. తెల్ల సున్నపురాయి ముక్కలు పరిచి పరిచి నున్నగా అరిగిపోయాయి. వాన చినుకు పడిందా, పాచి పట్టిన నూతిగట్టే. చెప్పులొద్దు, అడుగున రబ్బరు గట్టిగా ఉన్న బూట్లు వేయించండి.

వైజాగ్ వాన
శాకాహారం గురించి ఒక మాట. కూర్చోగానే అడక్కుండా రొట్టె, ఆలివ్‌లు, జున్ను తెచ్చి బల్ల మీద పెడతారు. మర్యాద చేస్తున్నారనుకుని మేం ఊదేశాం. ముట్టుకుంటే బిల్లులో పడుతుందని తర్వాత తెలిసింది. వద్దంటే తీసేస్తారు, ఏమీ అనుకోరు. ఆకుపచ్చ సూప్ చూసి మురిసిపోకండి, అడుగున పందిమాంసం ముక్క తేలుతుంది, ముందే అడగాలి. మార్తిం మొనీజ్ వెనక సందుల్లో మనవాళ్ళవీ బంగ్లాదేశ్ వాళ్ళవీ నేపాలీలవీ కొట్లున్నాయి, పప్పన్నానికి లోటుండదు.
మాస్టారికి కాలక్షేపం కావాలంటే సంతలో బోర్డులు చదివించండి. అనాసని వాళ్ళూ అననాష్ అనే అంటారు. మన మేజా, తువాలు, బొత్తాము, పీపా, వేలం అన్నీ ఆ రేవు నుంచి వచ్చిన మాటలే.

లెక్కల పంతులమ్మ
నేనొక పరిష్కారం చెప్తాను, తిట్టకండి. ఆదివారం రెండు జట్లు. మామగారూ కోడలూ సింత్రా. మీరూ అమ్మగారూ కైష్ దొ సొద్రెలో పడవ ఎక్కండి. పది నిమిషాల్లో అవతలి ఒడ్డు కసిల్యాస్. ఒక్క మెట్టు ఎక్కకుండా లిస్బన్ మొత్తం ఎదురుగా పరిచి కనబడుతుంది. కుర్చీ వేసుకుని కూర్చుంటే సాయంత్రం దాకా లేవబుద్ధి కాదు.

వైజాగ్ వాన
మామగారు రైలంతా శాసనం చెబితే కోడలు పిల్ల ఏమైపోవాలండీ!

పాలమూరు పోరడు
గిదేం తీర్పు పంతులమ్మా. అందరం కలిసి పోదామని ఒచ్చి మనిషికో దిక్కు తిరిగితే గది యాత్రనా?

ఇసార్‌గట్టు
రెండు జట్ల సంగతి ఇంట్లో చెప్పగానే అమ్మ మొదటిసారి నోరు తెరిచింది. "నన్ను కూర్చోబెట్టడానికి ఇంత దూరం తీసుకెళ్ళడం ఎందుకురా, రాజమండ్రిలో కోటిలింగాల రేవు లేదా?" అంది. ఆ మాటతో జట్లు రద్దు.
తేలిందేమంటే: శనివారం బెలెం, సాయంత్రం విశ్రాంతి. ఆదివారం తెల్లారకముందే లేచి రొసియోలో తొలి రైళ్ళలో ఒకటి పట్టుకుని అందరం సింత్రా. కానీ పెనా ఎక్కం. ఊళ్ళో, స్టేషన్‌కి నడిచేంత దూరంలోనే పాత రాజభవనం ఉందట, వంటింటి మీద తెల్లటి గంపలు బోర్లించినట్టు రెండు పొగగొట్టాలున్నది. అది చూసి, పెనాని కింద నుంచి చూసి, భోజనాల వేళకి వెనక్కి. మిగిలిన పూట పడవ. సోమవారం ఎనిమిదిలోపు ట్రామ్, అల్ఫామా కిందికి దిగుతూ కాదు, పైన దించి పక్కకి నడిపిస్తూ, ఆఖర్న కార్మో. మా ఆవిడ సరేనంది, మొహం మాత్రం ఇంకా పూర్తిగా విప్పారలేదు.

పాలమూరు పోరడు
సింత్రా పోయి పెనా ఎక్కకపోతే తిరుపతి పోయి అలిపిరి కాడికెల్లి వాపస్ ఒచ్చినట్టే అన్నా.

ఇసార్‌గట్టు
అమ్మ అలిపిరి మెట్లు మూడుసార్లు ఎక్కిందిలే తమ్ముడూ, ఆమె ఖాతాలో బాకీ లేదు.

అరియేరో అద్దెగది
ఈ ప్లాన్ నడుస్తుంది. సింత్రాలో దిగినవాళ్ళంతా బస్సు వైపు పరిగెడతారు, మీరు వాళ్ళకి దారివ్వండి. ఒక్కటి మర్చిపోయాను. బెలెంలో 1837 నుంచి నడుస్తున్న కొట్టు ఉంది, చిన్న గిన్నెలాంటి పేస్ట్రీలు, అందరూ తింటారు. ఊళ్ళో ప్రతి బేకరీలోనూ వాటి తమ్ముళ్ళుంటాయి. లోపలి ముద్దంతా గుడ్డు సొనే. సన్యాసినులు బట్టల గంజికి తెల్లసొన వాడేసి, మిగిలిన పచ్చసొనతో మిఠాయిలు కనిపెట్టారంటారు. అమ్మగారికి ముందే చెప్పండి.

ఇసార్‌గట్టు
చెప్పాను. అమ్మ వద్దంది. నాన్న కాసేపు ఆలోచించి, "సన్యాసులు చేసింది కదా" అన్నారు.