పై పొలంవాళ్ళు పంట కాలువ పూడ్చేశారు, చెన్నై నుంచి ఏం చేయగలం?

మాధవరం_రైతుబిడ్డ:
అందరికీ నమస్కారం. మాది సత్యవేడు దగ్గర పల్లె. ఉద్యోగం వల్ల నేను చెన్నైలో ఉంటున్నాను, సేద్యం నాన్న చూసుకుంటారు. చెరువు తూము నుంచి మా కయ్యలకు వచ్చే పిల్ల కాలువ పైవాళ్ళ పొలంలోంచి పారుతుంది. తాత కాలం నుంచీ అంతే. ఈమధ్య ఆ పొలం చేతులు మారింది. కొన్నాయన జేసీబీ పెట్టి కాలువ చదును చేసి కంచె వేశాడు. అడిగితే "నా పట్టాలో కాలువ లేదు" అంటున్నాడు. నారు పోసే అదను దగ్గరపడింది, నాన్నకు ఒకటే టెన్షన్. కేసు చెన్నైలో వేయొచ్చా?

ఆవడి_అన్న:
కుదరదు తమ్ముడూ. భూమి ఎక్కడుంటే అక్కడి కోర్టే. పొలం నాన్నగారి పేరున ఉంటే పవర్ ఆఫ్ అటార్నీ తీసుకుని నువ్వు కేసు నడపొచ్చు. కానీ ఆయనకు స్వయంగా తెలిసిన సంగతులకు ఆయనే బోనెక్కి సాక్ష్యం చెప్పాలి.

ముందు ఆంధ్ర సర్కారు భూముల వెబ్‌సైట్ మీభూమిలో ఎఫ్ఎంబీ నకలు, అంటే కొలతలతో ఉన్న పొలం సర్వే పటం తీయి. కాలువకు విడిగా నంబరు ఉండి, ఆర్ఎస్ఆర్ అనే పాత సర్వే రిజిస్టర్‌లో పోరంబోకు అని ఉంటే అది సర్కారు కాలువ. తహసీల్దారుకు అర్జీ పెట్టి, సర్వే చేయించి, ఆక్రమణ తీయించమని అడగాలి. అలా లేకపోతేనే సివిల్ కోర్టు. ఊత్తుకోట వైపు మా పొలం గొడవలో తమిళనాడు భూముల 'A' రిజిస్టర్‌లో వాయ్‌క్కాల్ (కాలువ) అని రాసి ఉన్న ఒక్క వరసే మమ్మల్ని కాపాడింది.

కొళత్తూరు_వకీలు:
పట్టాలో కాలువ లేదన్నంత మాత్రాన హక్కు పోదు. ఇంకొకరి భూమిలోంచి దారి, నీళ్ళు వంటివి వాడుకునే హక్కుల గురించిన 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టం మొదటి నుంచీ మద్రాసు ప్రెసిడెన్సీలో అమలైంది, కాబట్టి సత్యవేడుకైనా ఊత్తుకోటకైనా అదే. 20 ఏళ్ళు బాహాటంగా, అడ్డు లేకుండా, హక్కుగా నీళ్ళు పారించుకుని ఉంటే 15వ సెక్షన్ కింద హక్కు వస్తుంది. అయితే "మీ దయవల్ల పారించుకుంటున్నాం" అని ఎక్కడైనా రాసిచ్చి ఉంటే కష్టం. రాజీ పేరుతో పెద్దమనుషులు పెట్టమన్న కాగితం మీద చదవకుండా సంతకం పెట్టవద్దని నాన్నగారికి ఇవాళే చెప్పండి.

ఆలస్యం చేయవద్దు. కాలువ మూశారని తెలిసీ ఏడాది ఊరుకుంటే అది ఆ 20 ఏళ్ళ వాడకానికి అడ్డంకిగా లెక్కకొస్తుంది. పైగా ఆ 20 ఏళ్ళు దావా వేసే నాటికి ముందు రెండేళ్ళ లోపలే ముగిసి ఉండాలి. కాలువ తిరిగి తెరిపించమని దావా వేస్తూనే, స్థలం చూసి రిపోర్టు ఇవ్వడానికి కోర్టు తరఫున అడ్వకేట్ కమిషనర్‌ను పంపమని పిటిషన్ పెట్టండి. తూము దగ్గర రాళ్ళు, కంచె కింద పాత కాలువ గుంత, కింది కయ్యల వాలు ఇవన్నీ ఆయన రిపోర్టులోకి రావాలి. వానలు పడితే గుర్తులు చెరిగిపోతాయి.

అంబత్తూరు_చిత్తూరు:
మాది అన్నదమ్ముల పంపకం. పంపకాల పత్రంలో కాలువ మాటే లేదు. కానీ కంటికి కనిపించే కాలువ, ఎప్పుడూ పారే కాలువ, అది లేకుంటే మా భాగం ముందులా సాగవదు. అదే ఈజ్‌మెంట్ల చట్టం 13వ సెక్షన్ మాకు పనికొచ్చింది.

పోరూరు_నెల్లూరు:
నేను అవతలి పక్షం. మా పొలం మధ్యగా పక్కవాళ్ళ కాలువ పోతుంది. దాన్ని ఆపే హక్కు నాకు లేదని తెలుసు. కానీ పూడిక తీసినప్పుడల్లా మట్టంతా మా వరి మీద పోస్తే ఊరుకోవాలా? పూడిక తీయడానికి లోపలికి రావచ్చు, ఖర్చు వాళ్ళది, మాకు వీలైనంత తక్కువ ఇబ్బంది కలగాలి. చట్టంలోనే ఉంది. చివరికి గెనిమ (పొలం గట్టు) వెంట పైపు వేసుకోమన్నాను, ఒప్పుకున్నారు. లోక్ అదాలత్‌లో రాయించుకున్నాం. అది డిక్రీతో సమానం, అప్పీలు ఉండదు. మీ కొత్తాయనను కూడా ఒకసారి పైపు సంగతి అడిగి చూడండి.

ఆవడి_అన్న:
అదను దాటిపోయేలా ఉంటే ఆర్డీఓ దగ్గరికి కూడా వెళ్ళొచ్చు. క్రిమినల్ ప్రొసీజర్ చట్టంలో పాత సీఆర్పీసీ 147వ సెక్షన్, దాని బదులు వచ్చిన బీఎన్ఎస్ఎస్‌లో ఇప్పుడు 166. గొడవ ముదిరి శాంతికి భంగం కలిగేలా ఉందని తేలాలి. కాలానుగుణంగా వాడే నీళ్ళైతే కిందటి పంట కాలంలో పారించినట్టు చూపాలి. చెరువు నీళ్ళు పంచే నీరుగంటి మాట, పక్క రైతుల మాట పట్టుకో. హక్కు ఎవరిదో ఖాయంగా తేల్చేది మాత్రం సివిల్ కోర్టే.

మాధవరం_రైతుబిడ్డ:
అందరికీ కృతజ్ఞతలు. ఎఫ్ఎంబీ తీశాను. తూము నుంచి సగం దూరం కాలువకు వేరే నంబరు ఉంది, పోరంబోకే. మిగతా సగం ఆయన పట్టాలో ఉంది. అంటే తహసీల్దారుకు అర్జీ, కోర్టులో దావా రెండూ కావాలి. శనివారం ఊరెళ్తున్నాను. ముందు ఆయనతో పైపు మాట మాట్లాడతాను. ఒప్పుకోకపోతే సోమవారమే అర్జీ ఇచ్చి వకీలును కలుస్తాం.