డెన్నిస్ వీరుడేనా? ‘జాబర్‌వాకీ’ ముగింపుపై చర్చ

వెండితెర:
టెర్రీ గిలియమ్ 1977లో తీసిన ‘జాబర్‌వాకీ’ మళ్ళీ చూశాను. మధ్యయుగపు రాజ్యం, జనాన్ని పొట్టన పెట్టుకుంటున్న ఓ రాక్షస మృగం, పీపాలు చేసేవాడి కొడుకు డెన్నిస్. చివర్లో భయంతో బిగుసుకుపోయిన డెన్నిస్ కత్తి మీదికి ఆ మృగమే వచ్చి పడి చస్తుంది. నా దృష్టిలో ఇది పెద్ద లోపం. అతను మొదట్లో ఎలా ఉన్నాడో చివర్లోనూ అలాగే ఉన్నాడు. డెన్నిస్‌గా మైఖేల్ పేలిన్ అంతటి నటుడు ఉండి కూడా ఒక్క క్షణం తెగింపు చూపించకపోతే మనం ఎవరి గెలుపు చూసి సంతోషించాలి?

రాతికోట:
లోపం కాదండీ, సినిమాకు ఆయువుపట్టే అది. లూయిస్ కరోల్ 1871 నాటి పుస్తకంలోని పద్యం దీనికి మూలం. ఆ పద్యంలో కొడుకు మృగం తల నరికి తెస్తే తండ్రి అక్కున చేర్చుకుని పొంగిపోతాడు. ఇక్కడ తండ్రి మరణశయ్య మీద కొడుకును నోటికొచ్చినట్టు తిట్టి, నువ్వు నా బిడ్డవే కాదని కన్నుమూస్తాడు. మెచ్చుకునే తండ్రినే తీసేసిన దర్శకుడు మెచ్చుకోదగ్గ సాహసాన్ని మాత్రం ఎందుకు ఉంచుతాడు?

కవచాలు చేసే కార్ఖానా సన్నివేశం గుర్తు చేసుకోండి. పని ఇంకాస్త చురుగ్గా సాగాలని డెన్నిస్ అక్కడ వేలు పెడతాడు. ఒకటి కదిలితే మరొకటి జారి, అది ఇంకోదాన్ని లాగి, చివరికి కార్ఖానా మొత్తం కుప్పకూలుతుంది. అతనికి తెలిసిందల్లా సరుకు లెక్కలు. అలాంటివాడు హఠాత్తుగా కత్తి తిప్పితే నేను నమ్మలేను.

ఇంకా ముఖ్యమైనది మరొకటి ఉంది. మృగం బతికి ఉండాలని కోరుకునేది వర్తకులు! జనం భయపడి కోటగోడల లోపలికి చేరితే బేరాలు పెరుగుతాయి. బిషప్పుకూ అది లాభమే. అందుకే రాజు పంపిన యోధుణ్ణి అడ్డుకోవడానికి వాళ్ళు నల్ల కవచం తొడిగిన మరో యోధుణ్ణి కుదుర్చుకుంటారు. ఇంత కుళ్ళు చూపించాక ఒక ధీరుడు వచ్చి అంతా చక్కబెట్టాడని ముగిస్తే, అంతవరకు చెప్పినదంతా వృథా అయ్యేది.

జానపదం:
వర్తకుల సంగతి ఒప్పుకుంటాను. కానీ మన జానపద చిత్రాల్లో తోటమాలి కొడుకైనా రాకుమారి కోసం ప్రాణాలకు తెగిస్తాడు, అందుకే ఆ గెలుపు మనదనిపిస్తుంది. డెన్నిస్‌కు అర్ధరాజ్యం, రాకుమారి ఊరికే దొరికాయి. పైగా డెన్నిస్ మనసుపడిన గ్రిసెల్డా పాత్ర చూస్తే నాకు మనసు చివుక్కుమంటుంది. ఆమె లావుగా ఉండటం, ఎప్పుడూ ఏదో తింటూ ఉండటమే నవ్వులకు సరుకు. వర్తకుల దురాశను అంత పదునుగా పట్టుకున్న దర్శకుడు ఇక్కడ ఎందుకు ఇంత చవకబారు పని చేశాడు?

రాతికోట:
జానపదం గారూ, ఆ బహుమతి అతనికి శిక్షే కదా! గ్రిసెల్డా కొరికి పారేసిన బంగాళాదుంపను ప్రేమ కానుకలా దాచుకున్న మనిషి అతను. ఆమెను పెళ్ళి చేసుకుని చిన్న దుకాణం పెట్టుకుంటే చాలు. తీరా ఆమె ఒప్పుకునే వేళకు ఊరంతా కలిసి అతన్ని రాకుమారికి కట్టబెడుతుంది. ఆ రాకుమారి బురుజులో కూర్చుని కథల్లోని రాకుమారుడి కోసం ఎదురుచూస్తూ, దారి తప్పి వచ్చిన డెన్నిస్‌నే అతననుకుంది. అతను ఏం కోరుకుంటున్నాడని ఒక్కరూ అడగరు. నాకు ఈ సినిమాలో అన్నిటికన్నా బాధ కలిగించేది అదే.

వెండితెర:
శిక్ష అన్న మాట నాకు నచ్చింది. మృగం మీదికి పంపే యోధుణ్ణి ఎంచే పోటీల్లో యోధులు మరీ ఎక్కువగా చస్తున్నారని రాజు చివరికి దాగుడుమూతలతో విజేతను తేలుస్తాడు కదా, ఆ రాజ్యంలో ఎంపికలన్నీ అలాంటివే. అయినా ఆ కత్తి దగ్గర డెన్నిస్ ఒక్కసారి కళ్ళు తెరిచి నిలబడి ఉంటే మీరు చెప్పిన శిక్ష ఇంకా గట్టిగా తగిలేది. తెలిసి గెలిచినవాడికే కదా, కోరినది దక్కకపోతే ఎక్కువ బాధ?

జానపదం:
నేను కూడా అదే అంటాను. గ్రిసెల్డా గురించి నేను అడిగినదానికి మాత్రం రాతికోట గారు ఇంకా జవాబు చెప్పలేదు.