ఇంటర్ లేకుండా ఓపెన్‌లో చేసిన డిగ్రీ: చెల్లుతుందా, చెల్లదా?

మానుకోట తమ్ముడు
మా అక్క విషయంలో సలహా కావాలి. పదో తరగతి కాగానే పెళ్లి చేశారు, చదువు ఆగిపోయింది. బావ పోయాక కారుణ్య నియామకం కింద ఒక ప్రభుత్వ ఆఫీసులో అటెండరుగా చేరింది. 2006లో అంబేడ్కర్ ఓపెన్ యూనివర్సిటీ వాళ్లు ఇంటర్ లేనివాళ్లకు పెట్టే ఎలిజిబిలిటీ టెస్ట్ రాసి, పాసై, బీఏలో చేరింది. ఆదివారాలు స్టడీ సెంటర్‌లో క్లాసులు, మిగతా రోజులు పిల్లలు పడుకున్నాక చదువు. అలా డిగ్రీ పూర్తి చేసింది. ఇప్పుడు ప్రమోషన్ ఫైలు కదిలితే పై ఆఫీసు తిప్పి పంపింది. ఫైలు మీద రాసింది ఇంతే: "ఇంటర్మీడియట్ మెమో జతపరచలేదు. ఓపెన్ డిగ్రీ పరిగణించబడదు." నిజంగానే ఈ డిగ్రీ చెల్లదా?

పాత రికార్డు
తమ్ముడూ, నేను ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌లో (ఉద్యోగుల సర్వీసు ఫైళ్లు చూసే విభాగం) పనిచేసి రిటైరయ్యాను. సుప్రీంకోర్టు 2009లో అన్నామలై యూనివర్సిటీ కేసులో ఈ విషయం తేల్చేసింది. పది, ఇంటర్, డిగ్రీ వరసగా ఉండాలి. మధ్యలో ఒకటి లేకపోతే పైది నిలబడదు. మా హయాంలో ఇలాంటి ఫైళ్లు ఆపాం. ఆ ఉద్యోగుల మీద కోపం ఉండి కాదు. ప్రమోషన్ ఇచ్చేశాక ఆడిట్ అభ్యంతరం వచ్చి, ఎక్కువ ఇచ్చిన జీతం తిరిగి కట్టమని రికవరీ పెడితే నష్టపోయేది వాళ్లే.

సర్వీస్ రూల్స్
పాత రికార్డు గారూ, మీ అనుభవం మీద గౌరవం ఉంది. కానీ ఆ తీర్పును చాలా ఆఫీసుల్లో చదవకుండానే వాడుతున్నారు. అన్నామలై కేసులో గొడవ ఇంటర్ గురించి కాదు. అక్కడ డిగ్రీ లేకుండానే ఓపెన్ పద్ధతిలో నేరుగా పీజీ చేశారు. ఆ పీజీ పనికిరాదని కోర్టు చెప్పింది. కారణం, దూరవిద్యలో మొదటి డిగ్రీకి, పీజీకి యూజీసీ (యూనివర్సిటీల ప్రమాణాలు చూసే కేంద్ర సంస్థ) 1985లో పెట్టిన నిబంధనలు ఓపెన్ యూనివర్సిటీలకూ వర్తిస్తాయి, అప్పట్లో దూరవిద్యను పర్యవేక్షించిన డిస్టెన్స్ ఎడ్యుకేషన్ కౌన్సిల్‌కు వాటిని సడలించే అధికారం లేదు అని.

మరి అవే 1985 నిబంధనలు మొదటి డిగ్రీ గురించి ఏం చెప్పాయి? పన్నెండేళ్ల చదువు పూర్తి చేసి ఉండాలి అన్నాయి. ఆ వెంటనే, ముందు చదువుకు రికార్డు లేనివాళ్లు యూనివర్సిటీ పెట్టే ప్రవేశ పరీక్ష పాసైతే చేర్చుకోవచ్చు, చేరే ఏడాది జూలై 1 నాటికి 21 ఏళ్లు నిండి ఉండాలి అని కూడా అన్నాయి. అంటే ఇంటర్ లేకుండా డిగ్రీలో చేరడానికి నిబంధనే దారి ఇచ్చింది. డిగ్రీ లేకుండా పీజీకి ఆ దారి ఇవ్వలేదు. రెండింటినీ ఒకే గాటన కట్టి "ఓపెన్ డిగ్రీ చెల్లదు" అని నోట్ రాయడం చదువుకున్నవాళ్లు చేయాల్సిన పని కాదు.

తమ్ముడూ, అక్క చేరేటప్పటికి వయసు ఎంత? ఇది ముఖ్యం. ఎందుకంటే 18 నిండితే చాలు అని యూనివర్సిటీ చేర్చుకున్న కేసుల్లో ఈ 21 దగ్గర చిక్కు వస్తుంది.

మానుకోట తమ్ముడు
26 అన్నా. టెస్ట్ పాసైన కాగితం కూడా ఇనప్పెట్టెలో భద్రంగా ఉంది.

అధ్యాపకుడు
చట్టం సంగతి సరే, చదువు సంగతి కూడా మాట్లాడుకోవాలి. నేను స్టడీ సెంటర్‌లో క్లాసులు చెప్పాను. ఇంటర్ పునాది లేనివాళ్లు ఎకనామిక్స్‌లో ఎంత ఇబ్బంది పడతారో కళ్లారా చూశాను. క్లాసుకు రాకుండా పరీక్షకు మాత్రమే వచ్చేవాళ్లూ ఉన్నారు. పన్నెండేళ్ల చదువు అడగడంలో తప్పు లేదు. దూరవిద్యలో ఇంజినీరింగ్ డిగ్రీలు ఇచ్చిన నాలుగు డీమ్డ్ యూనివర్సిటీల సంగతి 2017 నవంబరులో సుప్రీంకోర్టు ఏం చేసిందో చూశాం కదా. 2001 నుంచి 2005 మధ్య చేరినవాళ్ల డిగ్రీలు సస్పెండ్ చేసి మళ్లీ పరీక్ష రాయమంది, ఆ తర్వాత చేరినవాళ్లవి రద్దే చేసింది. వదులుగా వదిలేస్తే అక్కడికే చేరతాం. అక్కగారిని ఇప్పుడైనా ఓపెన్ స్కూల్లో ఇంటర్ రాయమనండి.

సర్వీస్ రూల్స్
అధ్యాపకుడు గారూ, ఇంజినీరింగ్ కేసు దీనికి పోలిక కాదు. ఆ యూనివర్సిటీలు ఏఐసీటీఈ (సాంకేతిక విద్యను చూసే కేంద్ర సంస్థ) అనుమతి లేకుండా, ల్యాబులు కావాల్సిన కోర్సులు నడిపాయి. అంబేడ్కర్ యూనివర్సిటీని 1982లో శాసనసభ చట్టం చేసి పెట్టింది. దేశంలో మొదటి ఓపెన్ యూనివర్సిటీ అది. దాని మొదటి వైస్ ఛాన్సలర్ జి. రామ్‌రెడ్డి గారినే తర్వాత ఇగ్నోకి (ఇందిరాగాంధీ జాతీయ ఓపెన్ యూనివర్సిటీ) మొదటి వైస్ ఛాన్సలర్‌గా తీసుకున్నారు. బడి మానేసిన ఆడపిల్లలు, కూలికి వెళ్లేవాళ్లు మళ్లీ చదువుకోవాలనే కదా ఈ తలుపు తెరిచింది! ప్రభుత్వమే పిలిచి, ఫీజు తీసుకుని, పరీక్ష పెట్టి, పట్టా ఇచ్చి, ప్రమోషన్ దగ్గర అదే ప్రభుత్వం "నీ పట్టా పరిగణించం" అంటే ఆ మనిషి ఎవరికి చెప్పుకోవాలి? నాకు ఇది చాలా బాధగా ఉంటుంది.

ఓపెన్ స్కూల్ ఇంటర్ మంచిదే. కానీ డిగ్రీ అయ్యాక ఇంటర్ రాస్తే వరస తిరగబడిందని మళ్లీ కొర్రీ వేసేవాళ్లున్నారు.

పాత రికార్డు
1985 నిబంధనలో ఆ రెండో వాక్యం నేను గమనించలేదు, ఒప్పుకుంటాను. అయినా ఒక మాట. డిగ్రీ చెల్లడం వేరు, పోస్టుకు అర్హత వేరు. సర్వీస్ రూల్‌లో "ఇంటర్ పాసై ఉండాలి" అని విడిగా ఉంటే డిగ్రీ ఉన్నా ఆపుతారు.

సర్వీస్ రూల్స్
అది నిజం. లా చదవాలనుకునేవాళ్లు ఇక్కడే దెబ్బ తింటారు. దూరవిద్యలో ఇంటర్ గానీ డిగ్రీ గానీ చేసినవాళ్లు ఎల్‌ఎల్‌బీకి అర్హులే అంటుంది బార్ కౌన్సిల్ 2008 నిబంధన. కానీ కింది చదువు లేకుండా ఓపెన్‌లో నేరుగా చేసినవాళ్లు అర్హులు కారని అక్కడే వివరణ ఇచ్చింది. డిగ్రీ చెల్లదని అది చెప్పలేదు, మా కోర్సుకు చాలదు అంది. అందుకే తమ్ముడూ, ముందు అక్క పోస్టు రూల్ కాపీ తీయండి. అందులో "గుర్తింపు పొందిన యూనివర్సిటీ డిగ్రీ" అని మాత్రమే ఉంటే ఇంటర్ మెమో అడిగే అధికారం వాళ్లకు లేదని నేను గట్టిగా అంటాను.

వరంగల్ ఎంఏ
మధ్యలో వస్తున్నాను. నాది వేరే రాష్ట్రం యూనివర్సిటీ, స్టడీ సెంటర్ మాత్రం మా ఊళ్లోనే. నాకూ ఇదే వర్తిస్తుందా?

సర్వీస్ రూల్స్
మీది వేరే సమస్య. రాష్ట్ర యూనివర్సిటీలు తమ రాష్ట్రం దాటి దూరవిద్య కేంద్రాలు పెట్టకూడదని యూజీసీ 2013లో నోటీసు ఇచ్చింది. మీరు చేరిన ఏడాది, ఆ ఏడాది ఆ కోర్సుకు ఉన్న అనుమతి, సెంటర్ ఉన్న ఊరు, ఈ వివరాలతో వేరే పోస్టు పెట్టండి. దూరవిద్య డిగ్రీ రెగ్యులర్‌తో సమానమని యూజీసీ 2020 నిబంధనల్లో ఉన్నా, అది అనుమతి ఉన్న కోర్సులకే.

మానుకోట తమ్ముడు
రూల్ కాపీ దొరికింది అన్నా. "గుర్తింపు పొందిన యూనివర్సిటీ నుంచి ఏదైనా డిగ్రీ" అని ఉంది. ఇంటర్ ప్రస్తావన లేదు.

పాత రికార్డు
అయితే అప్పీలు పెట్టించు తమ్ముడూ. టెస్ట్ పాసైన కాగితం, వయసుకు పదో తరగతి మెమో, డిగ్రీ, 1985 నిబంధన కాపీ జతచేయండి. ఏ రూల్ ప్రకారం తిరస్కరించారో రాతపూర్వకంగా చెప్పమని అడగండి. రసీదు తీసుకోవడం మర్చిపోవద్దు. డ్రాఫ్ట్ ఇక్కడ పెట్టు, నేను దిద్దిపెడతాను.

అధ్యాపకుడు
కొత్తగా చేరేవాళ్లకు ఇంటర్ ఉండాలన్న మాట మీద నేను అలాగే ఉన్నాను. అక్కగారి ప్రమోషన్ మాత్రం ఆపకూడదు. స్టడీ సెంటర్ నుంచి ఏదైనా సర్టిఫికెట్ కావాలంటే చెప్పండి, ఎవరిని అడగాలో నేను చూపిస్తాను.