బస్టర్ కీటన్ మీద ఆ గోడ నిజంగానే పడిందా?

కొర్లగుంట కుర్రోడు:
మా అవ్వకి చెవులు సరిగ్గా వినపడవు, అందుకే సీరియళ్ళు ఎప్పుడో మానేసింది. మొన్న కరెంటు పోయి ఊరికే కూచునుంటే నా ఫోన్‌లో పాత మూకీ ఒకటి పెట్టిచ్చాను, బస్టర్ కీటన్ అని అమెరికా కామెడీ నటుడిది. గాలివానలో ఇంటి ముందు గోడ మొత్తం ఆయన మీదకి కూలుతుంది, మేడ కిటికీ సందు సరిగ్గా ఆయన నిలబడ్డ చోట పడుతుంది, మనిషికి ఏమీ కాదు. అవ్వ "గోవిందా గోవిందా" అని ఫోన్ కింద పెట్టేసింది. మళ్ళీ తనే పెట్టించుకుని నాలుగుసార్లు చూసింది. "ఈ అబ్బోడు నవ్వడేందిరా, వాళ్ళమ్మ ఏమన్నా తిట్టిందా" అని ఒకటే అడగడం. తెలిసినోళ్ళు చెప్పండి సామీ, ఆ గోడ ట్రిక్కా? టాకీలు వచ్చాక గొంతు బాగాలేక మూలన పడ్డాడంటారు, అదీ నిజమేనా?

పాతరీళ్ళ పిచ్చోడు:
ట్రిక్కు కాదు, నిజం గోడే. 1928లో వచ్చిన స్టీమ్‌బోట్ బిల్ జూనియర్ అది. నిలబడాల్సిన చోట నేలలో మేకు కొట్టుకుని దాని మీంచి కదల్లేదు. చుట్టూ మిగిలిన సందు కొన్ని అంగుళాలే. ఇంకోటి విను, 1924లో షెర్లాక్ జూనియర్ తీసేటప్పుడు రైలింజన్లకు నీళ్ళు పట్టే గొట్టం నుంచి నీళ్ళు ధారగా మీద పడి, తల వెళ్ళి పట్టాకి కొట్టుకుంది. కొన్నాళ్ళు తలనొప్పి అనుకుని పని చేసుకుంటూ పోయాడు. ఏళ్ళ తర్వాత ఎక్స్‌రే తీస్తే తేలింది, అప్పుడు మెడ ఎముక విరిగి దానంతటదే అతుక్కుందని!

నవ్వకపోవడం సంగతి అవ్వకు ఇట్లా చెప్పు. 1895లో కాన్సాస్‌లో పుట్టాడు, అమ్మానాన్న ఊరూరా తిరిగి స్టేజీ షోలు వేసేవాళ్ళు. ఎత్తి విసిరేయడానికి వీలుగా పిల్లోడి చొక్కా వెనక సూట్‌కేసు పిడి కుట్టారు. పడి లేచి తను నవ్వితే జనం నవ్వరు, మొహం బిగబడితే విరగబడి నవ్వుతారు. అది చిన్నప్పుడే పట్టేశాడు.

గాంధీరోడ్డు బాబాయ్:
ఆ గొంతు సంగతి నిజమేనబ్బా. టాకీ వచ్చాక గొంతున్నోళ్ళదే రాజ్యం. మన చిత్తూరు నాగయ్య గారే చూడండి, నాటకాల్లో పాడి పాడి 1938లో గృహలక్ష్మితో సినిమాల్లోకి వచ్చారు.

పాతరీళ్ళ పిచ్చోడు:
బాబాయ్, నాగయ్య గారికి అంత గొంతుండీ చివర్లో చిన్న వేషాలే కదా. కీటన్ గొంతు కాస్త బొంగురే, కానీ ఆయన టాకీలకు డబ్బులొచ్చాయి, స్పానిష్ వెర్షన్లో డైలాగులు కూడా తనే చెప్పాడు. అసలు దెబ్బ 1928లో ఎమ్‌జీఎమ్ అనే పెద్ద హాలీవుడ్ సినిమా కంపెనీతో చేసుకున్న కాంట్రాక్టు. అంతకుముందు సొంత జట్టు, చేతిలో స్క్రిప్టు ఉండదు, ఐడియా తట్టకపోతే షూటింగ్ ఆపేసి అందరూ బేస్‌బాల్ ఆడుకునేవాళ్ళు. 1926లో ది జనరల్ కోసం ఆరెగాన్‌లో కాలుతున్న వంతెన మీద నిజం రైలింజన్ నడిపించి నదిలో కూల్చాడు, ఆ సినిమాకి పెట్టిన డబ్బు సరిగ్గా రాలేదు. ఎమ్‌జీఎమ్‌కి వెళ్ళొద్దని చాప్లిన్ కూడా చెప్పాడు, వినలేదు. అక్కడ ఎవరో రాసిచ్చింది చెయ్యాలి. తాగుడు ఎక్కువైంది, భార్య విడాకులిచ్చింది, 1933లో కంపెనీ తీసేసింది. తర్వాత అదే కంపెనీలో వేరేవాళ్ళ సినిమాలకు జోకులు రాసి బతికాడు. నాకైతే ఈ ముక్క తలుచుకుంటేనే కడుపు రగులుతుంది.

చిత్తూరు మామిడి:
అంతటితో అయిపోలేదులే అన్నా. ఆయన పాత బంగళా తర్వాత నటుడు జేమ్స్ మేసన్ కొన్నాడు, అందులో కీటన్ సినిమా రీళ్ళు దొరికాయి. 1952లో చాప్లిన్ తీసిన లైమ్‌లైట్ సినిమాలో ఇద్దరూ కలిసి ఒకే సీన్లో చేశారు, 1960లో గౌరవ ఆస్కార్ కూడా ఇచ్చారు. 1966లో పోయేదాకా ఏదో ఒక వేషం వేస్తూనే ఉన్నాడు.

కొర్లగుంట కుర్రోడు:
అందరికీ థాంక్స్. అవ్వ చెవిలో గట్టిగా అరిచి మొత్తం చెప్పాను. మెడ విరిగిందంటే "పుత్తూరుకు తీసకపోయి కట్టు కట్టించుంటే సరిపోయేది కదరా" అనింది. ఇప్పుడు ఆ రైలు సినిమా కావాలంట. మంచి ప్రింటు యాడ దొరుకుతుందో చెప్పండి, ఈమెకి మసగ్గా ఉంటే కనపడదు.